మొదటి మేకు

మా బాబాకి చూపు పోయిన సంగతి మాకంటే ముందు మా కంచరగాడిదకి తెలిసింది.

అంతకు ముందు ఆయన పగ్గం పట్టుకుని నడుస్తుంటే అది వెనక వచ్చేది. ఆ చలికాలం మధ్యలో ఎప్పుడో అది ముందుకొచ్చింది, ఆయన దాని పక్కన జీను మీద చెయ్యి వేసి నడవడం మొదలుపెట్టాడు. రాయి అడ్డం వస్తే అది ఆగేది, ఆయనా ఆగేవాడు. ముసలాడికీ దానికీ స్నేహం ముదిరిందని మేం నవ్వుకున్నాం. ఒకరోజు మా యెమ్మా (మేం నాన్నని బాబా అనీ, అమ్మని యెమ్మా అనీ పిలుస్తాం) టీ గ్లాసు అందిస్తుంటే బాబా చెయ్యి జానెడు పక్కన గాల్లో తడుముకుంది. యెమ్మా గ్లాసుని ఆ చేతి దగ్గరికి జరిపింది. జరిపిన తీరు చూస్తే, ఆమెకి అది కొత్తపని కాదని తెలిసిపోయింది.

పట్నంలో కళ్ళ డాక్టరు టార్చి వేసి చూసి, ఇక చేసేదేం లేదన్నాడు. వెలుగూ చీకటీ తెలుస్తాయి, అంతే.

మేం చలికాలం సగ్రో నల్లకొండల్లో ఉంటాం. వేసవికి ఉత్తరాన పెద్ద కొండల మీది ఆగ్దాల్‌కి పోతాం. ఆగ్దాల్ అంటే మా తెగ మొత్తానికీ ఉమ్మడి పచ్చిక. వసంతమంతా దాన్ని మూసి ఉంచుతారు. గడ్డి ఎదిగి పూత పట్టేదాకా ఒక్క గొర్రె కాలు పెట్టకూడదు. పెద్దలు సంతలో చాటించిన రోజున మందలన్నీ ఒక్కసారే లోపలికి పోతాయి. ఈ రెండు చోట్లకీ మధ్య ఎడారి ఉంది, పొలాలున్నాయి, ఇరుకు లోయలున్నాయి, మంచు ఉంది. అదంతా నడిచే పోవాలి.

గుడారం ఎత్తే రోజున మాలో ఎవరూ "పదండి" అనరు. ఇంటిపెద్ద లేచి తూర్పు వైపు మేకు పీకుతాడు. అది బయటికి రాగానే ఆడవాళ్ళు తాళ్ళు విప్పుతారు, మగవాళ్ళు మందని లేపుతారు. ఎందుకు, ఎటు అని అడిగేవాళ్ళు ఉండరు. మా బాబా కంటే ముందు ఆ మేకు మా తాత పీకేవాడు. బాబా కళ్ళు పోయాయని తెలిసినప్పుడు నాకు బాధ వేసింది, నిజమే. కానీ ఆ బాధ కింద ఇంకో ఆలోచన కూడా ఉంది. ఇక ఆ మేకు నాదే అనుకున్నాను. నేను పెద్దకొడుకుని, అప్పటికి పాతికేళ్ళు దాటాయి, పెళ్ళయి ఒక చలికాలం గడిచింది.

ఆ ఏడు సగ్రోలో చినుకు పడలేదు. గొర్రెల వీపు మీద చెయ్యి పెడితే ఎముకలు గుచ్చుకునేవి. అప్పుడొచ్చాడు మా సక్కూ చిన్నాన్న. బాబాకి తమ్ముడు. చాలా ఏళ్ళ కిందటే కొండ దిగి, మా దారిలో ఉన్న బూమాల్న్ ఊళ్ళో సిమెంటు ఇల్లు కట్టుకుని లారీ నడుపుకుంటున్నాడు.

"అన్నా, ఇంకా ఎందుకీ యాతన? మందని అమ్మేద్దాం. మా ఇంటి వెనక రెండు గదులు ఖాళీగా ఉన్నాయి. కొళాయి కూడా ఉంది."

"కొళాయి దగ్గర గొర్రెలు తాగుతాయా?"

"గొర్రెలుండవు కదన్నా. నేను చెప్పేదదే."

"అయితే కొళాయి ఎందుకురా నాకు?"

మా యెమ్మా పక్కకి తిరిగి నవ్వింది. చిన్నాన్న నవ్వలేదు. "నీకు కనపడదు. నీ పెద్దకొడుక్కి దారి తెలుసు గానీ నేల తీరు తెలీదు. ఎండిన ఏడు ఇది. మందంతా దారిలోనే పోతే ఆ గదులు కూడా నేను ఊరికే ఇవ్వాల్సొస్తుంది, ఇస్తాలే. కానీ అట్లా రావడం నీకు బాగుంటుందా?"

బాబా అన్నాడు, "ఆగ్దాల్ దాకా నడుస్తాం. తల్లిగొర్రెలు పాలతో చేరితే గుడారం ఉంటుంది. పాలెండి చేరితే నువ్వు లారీ తెచ్చుకో. గొర్రెల్ని ఎక్కించు, నన్నూ ఎక్కించు."

చిన్నాన్న ఆయన చెయ్యి పట్టుకుని సరేనన్నాడు. మాట అయిపోయింది.

మర్నాడు బాబా తడుముకుంటూ పోయి మేకు పీకాడు. నేను పక్కనే నిలబడ్డాను, చెయ్యి చాపుతాడేమోనని. చాపలేదు.

*

నా పెళ్ళాం యమ్నా గుడారం పిల్ల కాదు. వాళ్ళది స్కూరా ఖర్జూర తోటల్లో మట్టి మిద్దె. ఏటా మేం ఖర్జూరాలు కొనే ఇంటి పిల్ల. గొర్రె తుమ్మితే దగ్గిందనేది, మేక పిల్లని ఎత్తుకుంటే కాళ్ళు కిందికి వేలాడేవి. మా యెమ్మా ఆమెకి "గోడల పిల్ల" అని పేరు పెట్టింది.

"గోడల పిల్లా, ఆ తాడు అట్లా కడితే గాలికి గుడారం మీ ఊరికి పోతుంది!"

"పోనీ అత్తా, మా అమ్మ చూసి సంతోషిస్తుంది."

ఇద్దరి మధ్యా మాటలకి కొదవ ఉండేది కాదు.

నల్లకొండలు దిగాక మైదానం వస్తుంది. గులకరాళ్ళ నేల, చెట్టు ఉండదు, నీడంటే మన నీడే. పొద్దున అది బూడిద రంగులో ఉంటుంది, మధ్యాహ్నం తెల్లబడుతుంది, సాయంత్రం మళ్ళీ రాళ్ళన్నీ విడివిడిగా కనిపిస్తాయి. బాబా కంచరగాడిద మీద చెయ్యి వేసి నడుస్తూ అడిగాడు.

"అద్దీ, ఏం కనపడతా ఉంది?"

"మైదానం బాబా."

"మైదానమని నాకు తెలుసు, కాళ్ళకి తెలుస్తా ఉంది. ఎట్లా ఉంది?"

"ఎప్పుడూ ఉన్నట్టే ఉంది."

"ఎప్పుడూ ఉన్నట్టుంటే నిన్ను అడగడం ఎందుకురా?"

నాకు కోపం వచ్చింది. ఏం చెప్పాలి? పుట్టినప్పట్నుంచీ ఏటా రెండుసార్లు చూస్తున్న నేల. మన చెయ్యి ఎలా ఉందో చెప్పమంటే ఏం చెప్తాం?

వెనక కట్టెల మోపు మోస్తూ వస్తున్న యమ్నా నోరు తెరిచింది. "ఎడమ పక్కన నున్నగా ఉంది మామా, గొరిగిన గుండులాగ. కుడి పక్కన దూరంగా నేల కొంచెం నల్లబడింది. గొరిగి రెండు రోజులైన గడ్డంలాగ. దగ్గరికి పోతే ఏమీ ఉండదేమో, ఇక్కణ్ణుంచి మాత్రం అట్లా ఉంది."

బాబా ఆగిపోయాడు. "గడ్డం నలుపా, బూడిదా?"

ఆమె కళ్ళ మీద చెయ్యి అడ్డం పెట్టి చూసింది. "బూడిద. పచ్చ కలిపిన బూడిద."

"మాచిపత్రి," అన్నాడు. "ఆ వైపు తిప్పండి."

మేం ఎప్పుడూ ఎడమ పక్క బావి దగ్గర ఆగేవాళ్ళం. ఆ రోజు కుడికి తిరిగాం. మాచిపత్రి పొదలు చీలమండ ఎత్తు కూడా లేవు గానీ గొర్రెలు సాయంత్రమంతా కొరుకుతూనే ఉన్నాయి. నీళ్ళకి మాత్రం నేనే తోలుతిత్తులు వేసుకుని ఆ బావికి పోయి రావాల్సి వచ్చింది. తిరిగొచ్చేసరికి బాబా యమ్నాని కూర్చోబెట్టుకుని ఇంకా ఏవేవో అడుగుతున్నాడు. కొండ నీడ ఎక్కడిదాకా వచ్చింది, కాకులు ఎటు పోతున్నాయి, ఆకాశం అంచు ఏ రంగు. ఆమె ఒక్కోదానికీ తనకి తెలిసిన ఇంటి వస్తువేదో తెచ్చి పోల్చి చెప్తోంది. పెనం, దుప్పటి, అటకమీది పాత సున్నం.

"దీనికి నోరు ఎక్కువ," అంది యెమ్మా నాతో.

"ఊఁ," అన్నాను. నాకూ అలాగే అనిపించింది.

*

మైదానం దాటితే ఒక్కసారిగా దాదెస్ లోయ. ఇటు రాయి, అటు చేను, మధ్యలో ఒక కాలువ గట్టు. పచ్చని బార్లీ, అత్తి చెట్లు, పొలాల గట్ల మీద గులాబీ కంచెలు. మేం చేరిన పొద్దున ఊరి ఆడవాళ్ళు ఎండ పడకముందే పువ్వులు కోసి కొంగుల్లో పోసుకుంటున్నారు. మా మంద దుమ్మంతా ఆ పువ్వుల మీద పడుతుంటే ఒక ముసలామె రాయి తీసింది.

"నల్లకొండల దరిద్రమంతా మా పూల మీదే దులపాలా?"

"దులిపితే మీ అత్తరు ఇంకా ఘాటెక్కుతుంది అవ్వా!" అంది మా యెమ్మా. ఆ అవ్వ రాయి కింద పడేసి నవ్వింది, మా కంచరగాడిద చెవి వెనక ఒక పువ్వు గుచ్చింది.

రోడ్డు మీద చిన్నాన్న లారీ ఆపుకుని మా కోసం చూస్తున్నాడు. పక్కన ఒక బేరగాడు. ఇద్దరూ గొర్రెల వీపులు తడిమారు. ఒక తల్లిగొర్రెని పట్టి పొదుగు నొక్కాడు చిన్నాన్న. పాలు వచ్చాయి గానీ చుక్కలుగా వచ్చాయి.

"అన్నా, ఇక్కడితో ఆపు. ఇంకా ధర పలుకుతుంది. పైకి పోతే చర్మం ధర కూడా రాదు."

"ఆగ్దాల్ దాకా అన్నాను."

"చూపు లేని వాడి వెనక ఇంతమంది నడుస్తారా?" చిన్నాన్న గట్టిగానే అన్నాడు. రోడ్డు మీద జనం తిరిగి చూశారు. అప్పటిదాకా ఆ మాట మా గుడారం దాటి పోలేదు.

నేను తల దించుకున్నాను. నిజం చెప్పాలంటే ఆ లారీ నాకు బాగానే కనిపించింది. సిమెంటు గదులూ, కొళాయీ, సాయంత్రం కాఫీ హోటల్లో కూర్చునే చిన్నాన్న కొడుకులూ గుర్తొచ్చారు. బాబా ఊఁ అంటే నేను కాదనేవాణ్ణి కాదు.

"చిన్నమామా," అంది యమ్నా, "ఆయనకి చూపు లేదు గానీ మాకుంది కదా. మేం ఇంతమందిమి ఉన్నది ఎందుకు?"

చిన్నాన్న ఆమెని పైనుంచి కిందిదాకా చూశాడు. "మిద్దె మీద పుట్టినదానివి. నువ్వు గదులు కావాలంటావనుకున్నా."

"పుట్టినప్పట్నుంచీ గదులే చూశాను. ఇది ఇప్పుడే మొదలుపెట్టాను, సగంలో ఆపమంటారేంది?"

బాబా నవ్వాడు. కళ్ళు పోయాక ఆయన నవ్వగా నేను చూడ్డం అదే మొదటిసారి.

*

లోయ పైకి పోయేకొద్దీ ఇరుకవుతుంది. రెండు పక్కలా ఎర్రటి గోడలు, పైన ఒక నీలం చీలిక, కింద ఏరు. మందంతా బారుగా సాగాలి. గొర్రె అరిస్తే గోడలు మళ్ళీ అరుస్తాయి. ఈ ఇరుకు దాటాక రెండు వాగులు కలిసే చోటు వస్తుంది. ఎడమ లోయ మా దారి. మా తాతల నుంచీ అదే. కుడి లోయ పక్క తెగ వాళ్ళది. ఆ దారిన పోవాలంటే వాళ్ళ పెద్దని అడగాలి, ఒక పొట్టేలుని కోసి విందు పెట్టాలి, పైగా చుట్టుదారి.

అక్కడ గుడారం వేశాం. గొర్రెలు రెండు రోజులుగా ముళ్ళ కొమ్మలు తప్ప ఏమీ తినలేదు. నీళ్ళు తాగించి వచ్చాను.

"నీళ్ళెట్లా ఉన్నాయి?" అన్నాడు బాబా.

"ఉన్నాయి బాబా. బాగానే పారుతున్నాయి."

"యమ్నా?"

"రెండు రంగులు మామా. ఎడమ వాగు తేటగా ఉంది, సన్నగా ఉంది. కుడి వాగు ఎర్రగా ఉంది. రెండూ కలిసినాక కూడా కొంచెం దూరం కలవకుండానే పోతున్నాయి, ఒకే మంచం మీద అలిగి పడుకున్న మొగుడూ పెళ్ళాంలాగ."

మా యెమ్మా "ఛీ, మామగారితో మాట్లాడే మాటేనా," అంది. యమ్నా సిగ్గుపడింది గానీ అక్కడితో ఆగలేదు. రెండు టీ గ్లాసులు తీసుకుని వాగులోకి దిగింది. ఒక దాంట్లో ఎడమ నీళ్ళు, ఒక దాంట్లో కుడి నీళ్ళు పట్టి రాతి మీద పెట్టింది. టీ కాగేదాకా వాటిని కదపనివ్వలేదు. ఆ పూట మేమంతా ఒకే గ్లాసులో టీ తాగాల్సి వచ్చింది, మా యెమ్మా గొణుగుతూనే ఉంది.

"ఏం చేస్తా ఉంది?" అన్నాడు బాబా.

"నీళ్ళని కూర్చోబెట్టింది," అన్నాను.

"మా ఊళ్ళో వరద వస్తే చేనికి నీళ్ళ మడవ తెరిచే ముందు ఇట్లా చూస్తారు మామా," అంది ఆమె. "ఇసుక దిగితే మడవ మూసేస్తారు, చేను పాడవుతుంది. మెత్తటి మన్ను దిగితే తెరుస్తారు, అది చేనుకి ఎరువు. ఈ ఏరు కిందికి పోయి మా ఊరి పక్కనుంచే పారుతుంది. చిన్నప్పట్నుంచీ దీని తోకే చూశాను, తల ఇప్పుడు చూస్తున్నా."

ఆమె కుడి గ్లాసు బాబా చేతిలో పెట్టింది. పై నీళ్ళు వంచేసి, అడుగున ఉన్నది ఆయన వేళ్ళకి రాసింది. బాబా బొటనవేలితో నలిపాడు.

"పిండిలాగ ఉంది."

"ఇసుక లేదు కదా? పైన వాన గట్టిగా కొడితే రాళ్ళూ ఇసకా లాక్కొచ్చేది. ఇది మెల్లగా, చాలాసేపు పడిన వాన. ఎడమ గ్లాసులో ఏమీ దిగలేదు. అటు పడనే లేదు."

"మెల్లగా పడితే నేల తాగుతుంది," అన్నాడు బాబా, తనలో తను అనుకుంటున్నట్టు. "ఎర్రమన్ను పైన, ఉత్తరం వాలు... అక్కడ వేడి త్వరగా తగలదు..."

"గ్లాసు చూసి మందని నడిపిస్తారా ఎవరైనా?" యెమ్మా గొంతు లేచింది. "మన దారి మనకుంది. ఆగ్దాల్ తెరిచే రోజు దాటిపోతే గాలి తగలని చోట్లన్నీ ముందొచ్చిన వాళ్ళవే. అక్కడ గడ్డి లేకపోతే? పొట్టేలూ పోతుంది, రోజులూ పోతాయి. అద్దీ, నువ్వు చెప్పరా!"

అందరూ నావైపు తిరిగారు. బాబా కూడా.

"ఎడమకే పోదాం," అన్నాను. "ఎప్పుడూ పోయే దారి."

బాబా తల ఊపాడు.

మర్నాడు తెల్లారింది. టీ తాగాం, రొట్టె తిన్నాం. బాబా లేవలేదు. గుడారం బయట రాతి మీద కూర్చుని మొహం ఎండకి పెట్టుకున్నాడు. మేం ఎదురు చూస్తున్నాం. గొర్రెలు అరుస్తున్నాయి. నేను తూర్పు మేకు దగ్గరికి పోయి నిలబడ్డాను.

"యమ్నా, ఎర్రనీళ్ళు తగ్గినాయా?"

"లేదు మామా. నిన్నటంతే ఉన్నాయి. కొంచెం చిక్కబడ్డాయి కూడా."

"సరే. నువ్వే పీకు."

ఆమెకి అర్థం కాలేదు. నాకు అర్థమైంది. యెమ్మా చేతిలో తాడు ఉండిపోయింది. యమ్నా ఒకసారి నన్ను చూసి, వంగి, రెండు చేతులతో మేకు పట్టుకుని లాగింది. ఆమెకి ఆ పని రాదు, అటూ ఇటూ ఊపింది, వెనక్కి పడబోయింది, చివరికి మట్టితో సహా పైకి తీసింది. నేను పక్కకి తప్పుకుని కంచరగాడిదకి జీను వెయ్యడానికి పోయాను. అది నన్ను కరవబోయింది. ఆ రోజు దాన్ని కొట్టాను.

*

కుడి లోయ తెగపెద్ద మంచివాడు. పొట్టేలు తిని, దారి ఇచ్చి, "ఎండిన ఏడు మీకు ఈ పిచ్చి ఎందుకు పుట్టింది?" అన్నాడు. మొదటి రోజు రాయి తప్ప ఏమీ లేదు. యెమ్మా దారి పొడుగునా ఆకాశం నుంచి పాతాళం దాకా అందర్నీ తిట్టింది, యమ్నాని తప్ప. ఆమెతో మాట్లాడ్డమే మానేసింది. యమ్నా కూడా ఆ రోజు ఏ పోలికా చెప్పలేదు. బాబా అడగలేదు. రెండు గొర్రెపిల్లల్ని నేను జుబ్బా వెనక వేలాడే ముసుగు టోపీలో వేసుకుని మోశాను, వాటికి నడిచే ఓపిక లేక.

రెండో రోజు మధ్యాహ్నం ఒక మలుపు తిరిగాం. నేను వెనక ఉన్నాను, ముందేముందో నాకు కనిపించలేదు. మంద అరుపు మాత్రం ఆగిపోయింది. సగ్రో నుంచి అన్ని రోజులూ చెవుల్లో మోగుతున్న అరుపు, తలుపు మూసినట్టు ఆగింది.

బాబా కూడా ఆగాడు. "తింటా ఉన్నాయి," అన్నాడు.

ముందుకి పోయి చూశాను. ఉత్తరం వాలు మీద వేలెడు ఎత్తు గడ్డి. ఎర్రమట్టి మీద పలుచగా, కొత్తగా గొరిగిన గొర్రె మీద మళ్ళీ మొలిచిన ఉన్నిలాగ. పొదల కింద తడి ఉంది. తలలన్నీ కిందికే ఉన్నాయి. యెమ్మా ఒక రాయి మీద కూర్చుని చెప్పులు విప్పింది, కాళ్ళు ఆ గడ్డిలో పెట్టింది. తర్వాత సంచీలోంచి అన్నిటికంటే మెత్తటి రొట్టె తీసి, చూడకుండానే యమ్నా వైపు చాపింది.

"తిను. పొద్దున్నుంచీ ఏం తినలేదు నువ్వు."

అక్కడే కొన్నాళ్ళు ఆగాం. ఆగ్దాల్ తెరిచే రోజు మా కోసం ఆగలేదు. మేం చేరేసరికి గాలి తగలని చోట్లన్నిటా నల్ల గుడారాలు పడి ఉన్నాయి. మాకు అంచున చలిగాలి చోటే మిగిలింది. వేసవంతా రాళ్ళు పేర్చి గోడ కట్టుకుంటూ గడిపాం. గోడల పిల్ల ఉంది కాబట్టి సరిపోయింది అని యెమ్మా అంది. అదే ఆఖరిసారి ఆ పేరుతో పిలవడం.

చిన్నాన్న వచ్చాడు. రోడ్డు ఆగిపోయే చోట లారీ వదిలి, నడిచి ఎక్కి వచ్చాడు, ఆయాసపడుతూ. ఎవరితోనూ మాట్లాడకముందు ఒక తల్లిగొర్రెని పట్టి పొదుగు నొక్కాడు. పాలు ధారగా ఆయన అరచేతిలో పడ్డాయి, వేళ్ళ సందుల్లోంచి కారాయి. ఆ చెయ్యి అట్లాగే పట్టుకుని నిలబడ్డాడు.

"నాకు ఒక గ్లాసు మజ్జిగ పొయ్యండి," అన్నాడు చివరికి. "నాలుగు రోజులుంటాను."

ఆ సాయంత్రం బాబా నన్ను పక్కన కూర్చోమన్నాడు. ఎదురుగా పచ్చిక, దాని వెనక కొండ.

"చెప్పరా, ఏం కనపడతా ఉంది?"

'ఆగ్దాల్' అని నోటిదాకా వచ్చింది. ఆగాను. "కింద పచ్చగా ఉంది బాబా. మధ్యలో నీళ్ళు నిలిచిన చోట ఇంకా ముదురు పచ్చ. పైన మంచు మూడొంతులు కరిగింది, చారలుగా మిగిలింది, చిరిగిన తెల్ల గుడ్డ ఆరేసినట్టుంది. మన మంద అంచున ఉంది. యమ్నా ముందు నడుస్తోంది."

"ఎట్లా నడుస్తోంది?"

చూశాను. "కాళ్ళ కింద చూసుకుంటా, ఆగి ఆగి నడుస్తోంది. మిద్దె మెట్లు దిగినట్టు. గొర్రెలన్నీ ఆమె వెనకే పోతున్నాయి."

"ఊఁ," అన్నాడు బాబా. "టీ పొయ్యి."

వేసవి అయిపోయింది. ఒక పొద్దున గుడారం గుడ్డ చలికి గట్టిపడి ఉంది. నేను కంచరగాడిదకి తాళ్ళు సిద్ధం చేస్తున్నాను. యమ్నా బయటికి వచ్చి, కొండని చూసి, గుడారం చుట్టూ ఒకసారి తిరిగింది.

లోపల్నుంచి బాబా గొంతు వినిపించింది. "మంచు పడిందా?"

"కొంచెమే మామా. రొట్టె మీద పిండి చల్లినంత."

"అయితే దిగొచ్చేమో. ఏమంటావ్?"

తూర్పు మేకు అప్పటికే ఆమె చేతిలో ఉంది.